నిన్న 41 జీబీ, ఇవాళ 18: సీ డ్రైవ్‌లో జాగా లెక్క పట్టుకునే పద్ధతి

"అన్నా, రాత్రి షాపు బంద్ చేసేటప్పుడు సీ డ్రైవ్‌ల 41 జీబీ ఖాళీ ఉండె. పొద్దుగాల వచ్చి చూస్తే 18 చూపిస్తున్నది. నేనైతే ఒక్క ఫైల్ గూడ ఎయ్యలే. ఎవడన్న హ్యాక్ చేసిండా?"

హన్మకొండలో ఫ్లెక్సీ షాపు నడిపే తమ్ముడొకడు ఫోన్‌లో అడిగిన మాట ఇది. మేడారం జాతర ముందు రోజులు. రెండేళ్లకోసారి వచ్చే ఆ సీజన్‌లో స్వాగత తోరణాలు, నాయకుల ఫొటోల పనితో ఫ్లెక్సీ షాపుల కంప్యూటర్లు రాత్రింబవళ్లు నడుస్తాయి. అట్లాంటప్పుడు 23 జీబీ మాయమైతే టెన్షన్ రాదా మరి. "ఏదీ డిలీట్ చెయ్యకు తమ్మీ, నేనొస్తున్నా" అన్నాను. నేను వెళ్లేలోపే ఒక ఉచిత క్లీనర్ సాఫ్ట్‌వేర్ దించి నడిపించేశాడు. దానివల్ల వచ్చింది 3 జీబీ. పోయింది మాత్రం చాలా ఉంది: బ్రౌజర్‌లో దాచుకున్న పాస్‌వర్డ్‌లు, ఫొటోషాప్‌లో పెట్టుకున్న సెట్టింగులు. అసలు 23 జీబీ ఎటు పోయిందో మాత్రం తేలలేదు.

ఇలాంటి కేసులు చాలా చూశాను. అందరూ చేసే తప్పు ఒకటే, కొలవకముందే తీసేయడం. ఖాళీ జాగా అనేది మీరు పెట్టిన ఫైళ్లను బట్టి మాత్రమే మారే అంకె కాదు. మీరు టీ తాగుతున్నప్పుడు కూడా విండోస్ దాన్ని కదిలిస్తూనే ఉంటుంది. ఈ కింద చెప్పేదంతా విండోస్ 10, 11లకు వర్తిస్తుంది.

మొదట కాగితం, పెన్ను

ఫైల్ ఎక్స్‌ప్లోరర్‌లో సీ డ్రైవ్ మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్ తెరవండి. వాడిన జాగా, ఖాళీ జాగా రెండూ జీబీలోనే కాక బైట్లలో కూడా కనిపిస్తాయి. ఆ పొడవాటి బైట్ల అంకెనే రాసుకోండి. జీబీ అంకెను గుండ్రం చేసి చూపిస్తారు కాబట్టి చిన్న మార్పులు అందులో కనపడవు.

రోజుకు మూడుసార్లు రాయండి: పొద్దున ఆన్ చేయగానే, పని మధ్యలో, సాయంత్రం రీస్టార్ట్ చేశాక. పక్కన ఆ సమయానికి ఏ ప్రోగ్రామ్‌లు తెరిచి ఉన్నాయో, అప్‌డేట్ ఏమైనా అడిగిందో, ప్రింటర్ మొరాయించిందో రెండు ముక్కలు రాసి పెట్టండి. నాలుగు రోజులు చాలు.

రీస్టార్ట్ అని ఊరికే అనలేదు. ఫాస్ట్ స్టార్టప్ ఆన్‌లో ఉన్న కంప్యూటర్‌ను షట్‌డౌన్ చేస్తే అది పూర్తిగా ఆగదు. విండోస్ తన గుండెకాయ లాంటి భాగాన్ని డిస్క్ మీదకు రాసుకుని పడుకుంటుంది, పొద్దున అక్కడినుంచే లేస్తుంది. రీస్టార్ట్ చేస్తేనే నిజంగా కొత్తగా మొదలవుతుంది. రోజూ షట్‌డౌన్ చేస్తున్నానని చెప్పేవాళ్ల కంప్యూటర్లు కొన్ని నెల రోజులుగా అసలు రీస్టార్టే చూసి ఉండవు.

తరుగు తీసినట్టు కనిపించే లెక్క

ఏనుమాముల మార్కెట్‌కు మిర్చి బస్తాలు తీసుకెళ్లే రైతుకు తరుగు అంటే తెలుసు. కాంటా మీద ఒకటి, చీటీ మీద ఒకటి. కొత్త హార్డ్ డిస్క్ కొన్నవాళ్లకూ అదే అనుమానం వస్తుంది: డబ్బా మీద 1 టీబీ అని ఉంటుంది, కంప్యూటర్ 931 జీబీ అంటుంది.

ఇక్కడ ఎవరూ తరుగు తీయలేదు, రెండు కొలమానాలు వేరు, అంతే. డిస్క్ కంపెనీ లెక్కలో ఒక జీబీ అంటే 100 కోట్ల బైట్లు. విండోస్ లెక్కలో 107 కోట్ల 37 లక్షల పైచిలుకు బైట్లు, అంటే 1,024ను మూడుసార్లు గుణిస్తే వచ్చే అంకె. పాత్ర పెద్దదైతే కొలతల సంఖ్య తగ్గుతుంది కదా. అందుకే 500 జీబీ డిస్క్ 465గా, 256 జీబీది 238గా కనిపిస్తుంది. ఇది ఎప్పుడూ మారని తేడా. రోజూ ఊగే అంకెతో దీనికి సంబంధం లేదు, కాబట్టి మనసులోంచి తీసేయండి.

కంటికి కనపడని పెద్దలు

సీ డ్రైవ్ తెరిచి అన్నీ సెలెక్ట్ చేసి మొత్తం చూస్తే 120 జీబీ వస్తుంది. డ్రైవ్ ప్రాపర్టీస్ మాత్రం 160 వాడారు అంటుంది. మధ్యలో 40 ఎక్కడ?

ఎక్స్‌ప్లోరర్‌లో ఫోల్డర్ ఆప్షన్స్ తెరిచి, వ్యూ ట్యాబ్‌లో దాచిన ఫైళ్లు చూపించమని పెట్టండి. దాని కిందే రక్షిత ఆపరేటింగ్ సిస్టమ్ ఫైళ్లను దాచు అని ఒక టిక్కు ఉంటుంది, దాన్నీ తీసేయండి. హెచ్చరిక వస్తుంది, ఒప్పుకోండి. పని అయ్యాక మళ్లీ పెట్టేయడం మర్చిపోవద్దు. ఇప్పుడు సీ డ్రైవ్‌లో కొత్త ముఖాలు కనిపిస్తాయి.

హైబర్‌ఫిల్ అనే ఫైల్ ఒకటి. ఇందాక చెప్పిన ఫాస్ట్ స్టార్టప్‌కు, హైబర్నేషన్‌కు (తెరిచిన పనినంతా డిస్క్ మీద రాసుకుని కంప్యూటర్ పడుకోవడం) విండోస్ ముందే పట్టి పెట్టుకునే జాగా అది. హైబర్నేషన్ పూర్తిగా ఆన్‌లో ఉంటే మామూలుగా ర్యామ్‌లో 40 శాతం. 16 జీబీ ర్యామ్ ఉంటే సుమారు 6.4 జీబీ. ర్యామ్ పెంచుకున్న మర్నాడు సీ డ్రైవ్ తగ్గిందని కంగారుపడేవాళ్ల సమస్య చాలాసార్లు ఇదే. ఫైల్‌ను చేత్తో డిలీట్ చేయలేరు. డెస్క్‌టాప్ కంప్యూటర్‌లో హైబర్నేషన్ అక్కర్లేదనుకుంటే కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి ఒక లైన్ కొట్టాలి. ఫోన్‌లో చెప్పినట్టు చెబుతాను, ఇంగ్లిష్ చిన్న అక్షరాల్లో కొట్టండి: పి, ఓ, డబ్ల్యూ, ఇ, ఆర్, సి, ఎఫ్, జి కలిపి ఒక మాట; స్పేస్; ముందుకు వాలిన గీత, దాన్ని ఆనుకుని హెచ్; స్పేస్; ఆఫ్. ఫైల్ వెంటనే పోతుంది. ఆఫ్ బదులు ఆన్ కొడితే తిరిగొస్తుంది. ల్యాప్‌టాప్‌లో మాత్రం ఉంచుకోండి. బ్యాటరీ అయిపోతున్నప్పుడు తెరిచిన పనిని కాపాడేది అదే.

రెండోది పేజ్‌ఫైల్. ర్యామ్ నిండినప్పుడు విండోస్ అప్పు తీసుకునే గోదాము. సైజును విండోస్‌కే వదిలేస్తే అవసరాన్ని బట్టి పెరుగుతుంది, రీస్టార్ట్ చేశాక మళ్లీ తగ్గవచ్చు. బరువైన పని చేసిన రోజు రెండు మూడు జీబీ తగ్గి, మర్నాడు పొద్దున తిరిగొస్తే దీన్ని అనుమానించండి. ఆపేయమని సలహా ఇచ్చే వీడియోలు చాలా ఉన్నాయి. నేనైతే ఆపను. ర్యామ్ చాలని రోజున ప్రోగ్రామ్‌లు చెప్పాపెట్టకుండా మూసుకుపోతాయి, సేవ్ చేయని పని పోతుంది. రెండు జీబీ కోసం అంత నష్టం ఎందుకు?

మూడోది సిస్టమ్ వాల్యూమ్ ఇన్ఫర్మేషన్ అనే ఫోల్డర్. క్లిక్ చేస్తే అనుమతి లేదంటుంది. రిస్టోర్ పాయింట్లు, అంటే ఏదైనా చెడితే విండోస్‌ను పాత స్థితికి తిప్పడానికి దాచుకున్నవి, ఉండేది ఇక్కడే. పాత ఫైల్ మారిపోయే ముందు దాని పాత ముక్కలను విండోస్ ఇక్కడ దాచి పెడుతుంది. అందుకే మీరు ఏమీ కొత్తగా పెట్టకపోయినా, ఉన్న ఫైళ్లను మార్చి సేవ్ చేస్తూ ఉంటే ఇది పెరుగుతుంది. ఎంత తిందో చూడాలంటే స్టార్ట్‌లో క్రియేట్ ఎ రిస్టోర్ పాయింట్ అని వెతకండి. వచ్చిన కిటికీలో సీ డ్రైవ్‌ను ఎంచుకుని కాన్ఫిగర్ నొక్కితే ప్రస్తుతం వాడిన జాగా, గరిష్ఠ పరిమితిని జరిపే పట్టీ రెండూ ఉంటాయి. పరిమితి దాటితే పాత పాయింట్లను విండోస్ తానే తీసేస్తుంది. ఒక్కసారిగా పది జీబీ ఖాళీ పెరిగి మీరు భయపడితే, తీసేసింది ఇదే అయ్యుండొచ్చు. పరిమితిని తగ్గించుకోండి కానీ పూర్తిగా ఆపొద్దు. ప్రింటర్ డ్రైవర్ చెడిపోయిన రోజు రిస్టోర్ పాయింట్ విలువ తెలుస్తుంది.

కాగితం ఏం చెబుతోంది

చెరువు నీళ్లు తగ్గాయని తెలిస్తే సరిపోదు. తూము తెరిచారా, గండి పడిందా, ఎండకు ఇంకిపోతున్నాయా? కాకతీయుల గొలుసుకట్టు చెరువుల కింద సేద్యం చేసినవాళ్లకు ఈ మూడింటి తేడా ఎవరూ చెప్పనక్కర్లేదు. మీ కాగితం మీద కూడా ఈ మూడే కనిపిస్తాయి.

పనిలో ఉండగా తగ్గి, ప్రోగ్రామ్ మూసినా రీస్టార్ట్ చేసినా తిరిగొస్తే అది తూము. టెంపరరీ ఫైళ్లు, పేజ్‌ఫైల్, ఫొటోషాప్ లాంటివాటి తాత్కాలిక జాగా. దీనికి మందు అక్కర్లేదు, చాలినంత ఖాళీ ఉంచితే చాలు.

ఒక్క రాత్రిలో పెద్ద అంకె పడిపోయి అక్కడే నిలబడితే గండి. అప్‌డేట్, కంప్యూటర్ క్రాష్ అయినప్పుడు పడే మెమరీ డంప్, ఎవరో చేసిన ఫోన్ బ్యాకప్.

రోజుకు ఇంత అని మెల్లగా, తిరిగిరాకుండా దిగుతుంటే ఇంకిపోతున్నట్టు. వెతకాల్సింది దీన్నే. లాగ్ ఫైళ్లు, ప్రింట్ క్యూ, వాట్సాప్ డెస్క్‌టాప్ దించుకునే వీడియోలు, ఫైళ్లు తొందరగా వెతకడానికి విండోస్ రాసుకునే సెర్చ్ ఇండెక్స్, తనంతట తానే బ్యాకప్ తీసే అకౌంటింగ్ సాఫ్ట్‌వేర్.

తగ్గడమే కాదు, పెరగడం కూడా చాలామందిని భయపెడుతుంది. ఫైళ్లు పోయాయేమో అని. రిస్టోర్ పాయింట్ల సంగతి చెప్పాను. ఇంకోటి స్టోరేజ్ సెన్స్. అది ఆన్‌లో ఉంటే మీరు పెట్టిన షరతుల ప్రకారం టెంపరరీ ఫైళ్లను, రీసైకిల్ బిన్‌లో పాతబడ్డవాటిని తానే తీసేస్తుంది. సెట్టింగ్స్‌లో సిస్టమ్, అందులో స్టోరేజ్‌కు వెళ్లి దాని షరతులు ఒకసారి చదవండి. ముఖ్యంగా డౌన్‌లోడ్స్ ఫోల్డర్ గురించిన వరుసను. కస్టమర్లు పంపిన ఫైళ్లన్నీ డౌన్‌లోడ్స్‌లోనే ఉంచుకునే అలవాటు మన షాపుల్లో ఉంది కదా. దాన్ని ఎప్పుడూ వద్దు అనే దగ్గరే ఉంచండి.

రెండు ఫొటోలు తీసి పోల్చండి

ఇప్పుడు ఏ ఫోల్డర్ పెరుగుతోందో చూడాలి. విన్‌డిర్‌స్టాట్, విజ్‌ట్రీ, ట్రీసైజ్ ఫ్రీ అని మూడు టూల్స్ ఉన్నాయి. విజ్‌ట్రీ డిస్క్ సూచికనే నేరుగా చదువుతుంది కాబట్టి చాలా వేగం. అయితే ఉచితం సొంత వాడకానికే, షాపులో వాడాలంటే లైసెన్స్ కొనాలి. విన్‌డిర్‌స్టాట్ ఓపెన్ సోర్స్, ఆ పేచీ లేదు. ఏదైనా సరే సొంత వెబ్‌సైట్ నుంచే దించుకోండి. రైట్ క్లిక్ చేసి అడ్మినిస్ట్రేటర్‌గా నడపండి. లేకపోతే చూడలేని ఫోల్డర్లను వదిలేసి తక్కువ లెక్క చెబుతుంది. అలా నడిపినా సిస్టమ్ వాల్యూమ్ ఇన్ఫర్మేషన్ లోపల ఏముందో ఈ టూల్స్ చాలాసార్లు చెప్పలేవు. ఆ లోటు ఎంతో ఇందాకటి కాన్ఫిగర్ కిటికీలో చూశారు కదా, దాన్ని కలుపుకోండి.

ఒకసారి నడిపి పెద్ద ఫోల్డర్ల పేర్లు చూసి డిలీట్‌కు దిగడం కాదు. పెద్దగా ఉండటం నేరం కాదు, పెరుగుతుండటమే మనకు కావాల్సిన ఆచూకీ. ఇవాళ ఒకసారి స్కాన్ చేసి స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి. కాగితం మీద అంకె పడిపోయిన రోజున మళ్లీ తీయండి. రెండూ పక్కపక్కన పెడితే మారిన వరుస దానంతట అదే కనిపిస్తుంది.

విండోస్ ఫోల్డర్ లోపలి విన్‌ఎస్ఎక్స్ఎస్‌ను చూసి బెదిరిపోవద్దు. ఒకే ఫైల్‌కు రెండు మూడు చోట్ల పేర్లు తగిలించి ఉంటాయి. ఎక్స్‌ప్లోరర్ ప్రతి పేరునూ వేరే ఫైల్‌గా లెక్కేసి ఎక్కువ చెబుతుంది. ఒకే మనిషి రెండు రేషన్ కార్డుల్లో ఉన్నట్టు. అందులో చేత్తో ఏదీ తీయకూడదు. డిస్క్ క్లీనప్‌లో సిస్టమ్ ఫైళ్ల క్లీనప్ నొక్కి, విండోస్ అప్‌డేట్ క్లీనప్‌కు టిక్కు పెడితే తీయగలిగినంత అదే తీస్తుంది.

ఫ్లెక్సీ లెక్క

ఫొటోషాప్ పగటిపూట జాగా ఎలా మింగుతుందో ఒకసారి లెక్కేసి చూడండి. 20 అడుగుల వెడల్పు, 10 అడుగుల ఎత్తు ఫ్లెక్సీని 72 డీపీఐలో, అంటే అంగుళానికి 72 చుక్కల లెక్కన, తెరిస్తే 17,280 అడ్డం, 8,640 నిలువు, దాదాపు 15 కోట్ల పిక్సెల్స్. ప్రింటింగ్‌కు వాడే నాలుగు రంగుల పద్ధతి సీఎంవైకేలో ఒక్కో పిక్సెల్‌కు 4 బైట్లు. ఒక్క నిండు లేయర్‌కే 60 కోట్ల బైట్లు. పది లేయర్లంటే 6 జీబీ. దీనికి తోడు వెనక్కి వెళ్లడానికి దాచుకునే హిస్టరీ ఉంటుంది. ఫైల్ సేవ్ చేశాక 400 ఎంబీయే ఉండొచ్చు, ఎందుకంటే కుదించి దాస్తుంది. పని జరిగేటప్పుడు మాత్రం ర్యామ్‌లో పట్టనిదంతా స్క్రాచ్ డిస్క్ మీద పడుతుంది. ఆ స్క్రాచ్ డిస్క్ మీరు మార్చకపోతే సీ డ్రైవే.

ఫొటోషాప్‌ను మామూలుగా మూస్తే ఆ జాగా తిరిగొస్తుంది. కరెంటు పోయినా, హ్యాంగ్ అయి టాస్క్ మేనేజర్‌తో చంపేసినా తాత్కాలిక ఫైల్ అక్కడే మిగిలిపోవచ్చు. పేరు ఫొటోషాప్ టెంప్ అని మొదలై పక్కన పొడవాటి అంకె ఉంటుంది. ఫొటోషాప్ మూసి ఉన్నప్పుడు తేదీ చూసి పాతవి తీసేయవచ్చు. యూపీఎస్ బ్యాటరీ పోయిన షాపుల్లో ఇవి కుప్పలుగా ఉంటాయి. శాశ్వత మార్గం కావాలంటే ప్రిఫరెన్సెస్‌లో స్క్రాచ్ డిస్క్స్ తెరిచి, రెండో ఎస్ఎస్‌డీ ఉంటే దాన్ని పెట్టండి. పాత హార్డ్ డిస్క్‌ను పెడితే జాగా మిగులుతుంది కానీ పని నడవదు.

జిరాక్స్ షాపుల ప్రత్యేక రోగం

హాల్ టికెట్ల సమయం, అడ్మిషన్ల సమయం. క్యూలో వంద ప్రింట్లు. ప్రింట్ ఇచ్చిన ప్రతి పత్రాన్నీ విండోస్ ముందు సీ డ్రైవ్‌లో ఒక ఫైల్‌గా రాసి, తర్వాత ప్రింటర్‌కు పంపుతుంది. స్కాన్ చేసిన పీడీఎఫ్ 5 ఎంబీ ఉన్నా, ప్రింటర్ భాషలోకి మారేసరికి పదుల రెట్లు ఉబ్బొచ్చు. ప్రింట్ అయిపోతే ఫైల్ పోతుంది. పేపర్ ఇరుక్కుని ప్రింటర్ ఆఫ్ చేస్తే పోదు.

ఒక షాపులో రోజుకు రెండు జీబీ చొప్పున ఇంకిపోతుంటే నాలుగు రోజులు తిప్పలు పడ్డాం. చివరికి చూస్తే ప్రింటర్ ప్రాపర్టీస్‌లో, అడ్వాన్స్‌డ్ ట్యాబ్‌లో, ప్రింట్ అయిన పత్రాలను ఉంచు అనే అర్థం వచ్చే టిక్కు పెట్టి ఉంది. ఎవరు పెట్టారో దేవుడికే తెలుసు. మీ దగ్గరా అది ఉందేమో చూడండి, ఉంటే తీసేయండి.

మిగిలిపోయినవాటిని తీయడానికి సర్వీసెస్ తెరిచి, ప్రింట్ క్యూను నడిపే ప్రింట్ స్పూలర్‌ను ఆపండి. విండోస్‌లో సిస్టమ్32, అందులో స్పూల్, అందులో ప్రింటర్స్ ఫోల్డర్‌కు వెళ్లండి. లోపలి ఫైళ్లు మాత్రమే తీయండి, ఫోల్డర్‌ను కాదు. స్పూలర్‌ను మళ్లీ స్టార్ట్ చేయండి. ఆధార్ కాపీలు, సర్టిఫికెట్లు ఆ ఫైళ్లలో అలాగే పడి ఉంటాయి కాబట్టి జాగా కోసం కాకపోయినా ఇది చేయాల్సిన పనే.

ఒక్క రాత్రిలో ఇరవై జీబీ

మా తమ్ముడి కేసు ఇదే. ఆ రాత్రి షాపు మూసేటప్పుడు అప్‌డేట్ అండ్ షట్‌డౌన్ నొక్కి ఇంటికి పోయాడు. అది నెలనెలా వచ్చే చిన్న అప్‌డేట్ కాదు, వెర్షన్‌ను మార్చే పెద్దది. అలాంటి సమయంలో పాత విండోస్ మొత్తాన్ని విండోస్ డాట్ ఓల్డ్ అనే ఫోల్డర్‌లో పక్కన పెడతారు, నచ్చకపోతే వెనక్కి వెళ్లడానికి. 20 జీబీ దాటడం మామూలే. 2025 అక్టోబర్ 14న విండోస్ 10కు ఉచిత సపోర్ట్ ముగిసింది కదా, అప్పుడు 11కు మారినవాళ్లకూ ఇదే అనుభవం.

ఈ ఫోల్డర్ 10 రోజుల తర్వాత దానంతట అదే పోతుంది. తొందరగా కావాలంటే స్టోరేజ్ సెట్టింగుల్లో టెంపరరీ ఫైల్స్ తెరిచి, పాత విండోస్ ఇన్‌స్టలేషన్‌కు టిక్కు పెట్టి తీసేయవచ్చు. ఆ జాబితాలోనే డౌన్‌లోడ్స్‌కు కూడా ఒక గడి ఉంటుంది, టిక్కు పెట్టే ముందు ప్రతి వరుసా చదవండి. తమ్ముడు వెంటనే తీసేద్దామన్నాడు. వద్దన్నాను. ఫ్లెక్సీ మెషీన్‌కు ఫైల్ పంపే సాఫ్ట్‌వేర్, దాని డాంగిల్ (లైసెన్స్ తాళంలా యూఎస్‌బీకి గుచ్చే ముక్క) డ్రైవర్ కొత్త వెర్షన్‌లో నాలుగు రోజులు సరిగ్గా నడుస్తాయో లేదో చూడాలి. నడవకపోతే వెనక్కి పోవడానికి ఆ ఫోల్డరే దిక్కు. జాతర సీజన్‌లో 20 జీబీ కంటే నడిచే మెషీన్ ముఖ్యం.

విండోస్ అప్‌డేట్ల కోసం సుమారు 7 జీబీని ముందే పక్కన పెట్టుకునే పద్ధతి కూడా 2019లో వచ్చిన 1903 వెర్షన్ నుంచి ఉంది. రిజర్వ్‌డ్ స్టోరేజ్ అంటారు. దాన్ని కదిలించే పని పెట్టుకోకండి.

చిన్న ఫైళ్లు, పెన్ డ్రైవ్‌లు

ఏ ఫోల్డర్ ప్రాపర్టీస్ చూసినా సైజ్, సైజ్ ఆన్ డిస్క్ అని రెండు అంకెలుంటాయి. డిస్క్‌ను గదులుగా విభజిస్తారు. సీ డ్రైవ్‌లో మామూలుగా ఒక్కో గది 4 కేబీ. 2 కేబీ ఫైల్‌కు కూడా ఒక గది పూర్తిగా పోతుంది. పెళ్లి ఆల్బమ్ ఫొటోలకు ఇది లెక్కలోకి రాదు. వేల కొద్దీ చిన్న ఫైళ్లున్నప్పుడు వస్తుంది, అదీ పెన్ డ్రైవ్‌లో. 64 జీబీ పెన్ డ్రైవ్‌ను విండోస్‌లో ఎక్స్‌ఫ్యాట్‌గా ఫార్మాట్ చేస్తే గది 128 కేబీ అవుతుంది. 2 కేబీ ఫైళ్లు పది వేలు కాపీ చేయండి: సీ డ్రైవ్‌లో 40 ఎంబీ తీసుకున్నవి అక్కడ 1.2 జీబీ దాటతాయి. అన్నిటినీ ఒక జిప్‌గా కట్టి కాపీ చేస్తే గొడవ ఉండదు, పని కూడా తొందరగా అవుతుంది.

వన్‌డ్రైవ్ దీనికి తిరగబడిన కేసు. క్లౌడ్‌లో మాత్రమే ఉన్న ఫైల్‌కు సైజ్ 2 జీబీ అని, సైజ్ ఆన్ డిస్క్ సున్నా అని ఉంటుంది. డబుల్ క్లిక్ చేసి తెరిచారంటే ఆ 2 జీబీ మీ డిస్క్ మీదకు దిగుతుంది. నేను ఉన్న ఫైలే కదా తెరిచింది అని అమాయకంగా అడుగుతారు.

పెన్ డ్రైవ్ తెరిస్తే ఒక్క షార్ట్‌కట్ మాత్రమే కనపడి, 6 జీబీ వాడినట్టు చూపిస్తుంటే అది షార్ట్‌కట్ వైరస్. జిరాక్స్ షాపుల మధ్య తిరిగే పెన్ డ్రైవ్‌లకు ఇది జలుబు లాంటిది. ఫైళ్లు పోలేదు, దాచిపెట్టింది. షార్ట్‌కట్‌ను నొక్కకండి. పైన చెప్పిన రెండు దాచిన ఫైళ్ల సెట్టింగులు మారిస్తే అసలు ఫైళ్లు బయటపడతాయి. వాటిని కాపీ చేసుకుని, యాంటీవైరస్‌తో చూసి, పెన్ డ్రైవ్‌ను ఫార్మాట్ చేయండి.

ఇంజినీరింగ్ పిల్లల ల్యాప్‌టాప్‌లు

విండోస్ లోపలే ఇంకో కంప్యూటర్‌ను నడిపించే వర్చువల్‌బాక్స్‌లో లినక్స్ వేసుకున్న విద్యార్థులు ఒకే మాట అంటారు: లోపల పది జీబీ తీసేశాను, బయట ఏమీ పెరగలేదు. వర్చువల్ డిస్క్ ఫైల్ అవసరం కొద్దీ పెరుగుతుంది, కానీ లోపల తీసేసినంత మాత్రాన బయట కుదించుకుపోదు. విడిగా కుదించాల్సిందే. ఆండ్రాయిడ్ స్టూడియోలో వాడని ఎమ్యులేటర్లను (యాప్ పరీక్షకు పెట్టుకునే నకిలీ ఫోన్లను) అయితే డివైస్ మేనేజర్ నుంచి తీసేయండి, ఒక్కోటి కొన్ని జీబీలు ఇస్తుంది.

ఇంకా తగ్గుతూనే ఉంటే

కళ్ల ముందే అంకె దిగుతోందా? స్టార్ట్‌లో రిసోర్స్ మానిటర్ అని వెతికి తెరవండి. డిస్క్ ట్యాబ్‌లో రైట్ అనే కాలమ్ మీద నొక్కితే ఎక్కువ రాస్తున్న ప్రోగ్రామ్ పైకి వస్తుంది. కింద జాబితాలో అది రాస్తున్న ఫైల్ పేరు దారితో సహా ఉంటుంది. ఐదు నిమిషాలు కూర్చుని చూస్తే దొరకని దొంగ అరుదు. ఫైల్ తీసేసినా జాగా తిరిగిరాకపోతే, ముందు రీసైకిల్ బిన్ చూడండి. బిన్ ఖాళీ చేసినా రాకపోతే ఏదో ప్రోగ్రామ్ దాన్ని ఇంకా పట్టుకుని ఉండొచ్చు, రీస్టార్ట్ చేస్తే వదులుతుంది.

అన్నీ కలిపినా లెక్క కుదరకపోతే ఫైల్ సిస్టమ్ పుస్తకంలోనే తప్పు ఉండొచ్చు. డ్రైవ్ ప్రాపర్టీస్‌లో టూల్స్ ట్యాబ్‌కు వెళ్లి చెక్ నొక్కండి. అయితే డిస్క్ టకటకమని చప్పుడు చేస్తున్నా, ఫోల్డర్ తెరవడానికి నిమిషాలు పడుతున్నా చెక్ కంటే ముందు ముఖ్యమైన ఫైళ్లను వేరే డిస్క్‌కు ఎక్కించండి. బలహీనమైన డిస్క్‌కు ఆ చెక్ పెద్ద బరువు.

నా సొంత కంప్యూటర్‌లో సీ డ్రైవ్ ఖాళీని 30 జీబీ కంటే దిగనివ్వను. ఫొటోషాప్ పని ఉన్నవాళ్లు ఇంకా ఎక్కువే ఉంచుకోవాలి.

తమ్ముడికి ఆ రోజు రీసైకిల్ బిన్, పాత ఫొటోషాప్ టెంప్ ఫైళ్లు కలిపి 9 జీబీ తీసిచ్చి, కాగితం గోడకు అంటించి వచ్చాను. పదకొండో రోజు పొద్దున్నే మళ్లీ ఫోన్.

"అన్నా, ఇయ్యాల జాగా 20 జీబీ పెరిగింది. నా ఫైళ్లేమన్న పోయినయా?"

"కాగితం మీద తేదీ చూడు తమ్మీ."

కాసేపు చప్పుడు లేదు. తర్వాత నవ్వు వినిపించింది.